మీ నుదుటి ఎముకను మీ వేళ్లతోనే చదవడం ఎలా

పుర్రెలోని 22 ఎముకల పేర్లనూ ఊపిరి తిప్పుకోకుండా అప్పజెప్పిన ఒక విద్యార్థినిని, ‘కనుబొమ కింద నరం బయటికి వచ్చే గాటు ఎక్కడుంది? నీ ముఖం మీదే చూపించమ్మా’ అని అడిగాను. ఆమె చేయి కనుబొమ దాకా వెళ్లి ఆగిపోయింది. ఆ బొమ్మ పుస్తకంలో ఏ పేజీలో ఏ మూల ఉందో కూడా ఆమెకు తెలుసు. తన ముఖం మీద మాత్రం ఎన్నడూ వెతకలేదు. ఆమె వేలిని పట్టుకుని కొద్దిగా ముక్కు వైపు జరిపాను. గోరు ఆ గాటులో పడగానే ‘అమ్మో’ అని చేయి వెనక్కి లాక్కుంది. ఆ తర్వాత ఆ గాటు పేరు ఆమె మళ్లీ వల్లె వేయలేదు, మరిచిపోనూ లేదు.

అప్పటి నుంచి ఎవరికి పుర్రె నేర్పినా ముందు వేలికి తెలియనిస్తాను, పేరు తర్వాత చెబుతాను. నర్సింగ్, ఫిజియోథెరపీ, వైద్యం చదివేవారికి ఈ పద్ధతి పరీక్షల్లో పనికొస్తుంది. ముఖాల బొమ్మలు వేసేవారికి వెలుగు నీడలు ఎక్కడ పడతాయో తెలుస్తుంది. ఇంట్లో పసిబిడ్డ ఉన్నవారికైతే మరీ అవసరం. ఒక 40 నిమిషాలు తీరిక చేసుకుని కూర్చోండి.

కావలసినవి

ఒక అద్దం, నీళ్లతో కడిగితే పోయే కనుబొమల పెన్సిలు, దర్జీలు వాడే టేపు, ఒక తెల్ల కాగితం. గోళ్లు కత్తిరించుకోండి, చేతులు కడుక్కోండి, జడ ఉంటే విప్పండి. మామిడిపండు మగ్గిందో లేదో చూడటానికి వేలితో ఎంత నొక్కుతామో అంత ఒత్తిడి చాలు. కనుగుడ్డును ఎప్పుడూ నొక్కకండి. ఈ మధ్య తలకు దెబ్బ తగిలినా, కంటికి ఆపరేషన్ అయినా ఇప్పుడు వద్దు. చేసేదంతా మీ తల మీదే చేయండి, పసిబిడ్డ తల మీద కాదు. పిల్లల సంగతి కింద వేరుగా చెబుతాను.

1. ముందుగా ఎముక ఎంత మేర ఉందో చూడండి

అరచేతిని నుదుటి మీద పరచి కనుబొమలను పైకి ఎత్తండి. అరచేతి కింద చర్మం ముడతలు పడుతూ పాకడం తెలుస్తుంది. అది ఫ్రంటాలిస్ కండరం. దీనికి ఎముకతో అతుకు ఎక్కడా లేదు. కింద కనుబొమల చర్మానికీ, పైన తలను కప్పే పలుచని పొరకూ మాత్రమే పట్టుకుని ఉంటుంది. ఈ సంగతి గుర్తుంచుకోండి, బొప్పి దగ్గర మళ్లీ అవసరం పడుతుంది.

ఇప్పుడు కనుబొమలు దించి, వేళ్లతో చర్మాన్ని అటూ ఇటూ జరపండి. చర్మం జరుగుతుంది, దాని కింద గట్టిగా, నున్నగా, కదలకుండా ఉన్నదే నుదుటి ఎముక. దీన్ని ఫ్రంటల్ అంటారు, తెలుగు పుస్తకాల్లో లలాటాస్థి అని కనిపిస్తుంది.

జుట్టు మొదలయ్యే చోట ఈ ఎముక ఆగిపోతుందని చాలామంది అనుకుంటారు. టేపు తీసుకుని ఒక కొనను ముక్కు మొదట్లో, రెండు కళ్ల నడుమ లోతుగా ఉన్న చోట పెట్టండి. నుదుటి మధ్యగా నెత్తి మీదికి పోనివ్వండి. 12 నుంచి 13 సెంటీమీటర్ల దగ్గర వేలు పెట్టి ఆపండి. వేలు జుట్టులోకి బాగా వెళ్లిపోయిందా? నుదుటి ఎముక వెనక అంచు దాదాపు అక్కడ ఉంది. మనం నుదురు అని పిలిచేది ఆ ఎముకలో ఒక భాగమే.

కిందివైపు కూడా అది కనుబొమల దగ్గర ఆగదు. అక్కడ మడత పడి, లోపలికి తిరిగి, కంటి గూటికి పైకప్పుగా పరుచుకుంటుంది. ఇంటి ముందు గోడ, లోపలి గది కప్పు ఒకే రాయిలో చెక్కినట్టు ఉంటుంది దాని తీరు. ఈ ఒక్క ఎముక మరో 12 ఎముకలను తాకుతుంది. నేర్చుకోవడం నుదుటితో మొదలు పెట్టమని నేను చెప్పేది అందుకే. ఇది చేతికి అందితే, పుర్రెలో సగానికి పైగా ఎముకలకు దారి దొరికినట్టే.

2. బొట్టు పెట్టుకునే చోటు

చూపుడు వేలిని రెండు కనుబొమల నడుమ పెట్టండి. ప్రతి తెలుగు ఇంట్లోనూ చేతికి అలవాటైన చోటు ఇది, అద్దం లేకుండానే వేలు వెళ్లిపోతుంది. అక్కడ ఎముక కొద్దిగా ఉబ్బెత్తుగా, నున్నగా ఉంటుంది. దాని పేరు గ్లాబెల్లా. వెంట్రుకలు లేని నున్నటి చోటు అనే అర్థం వచ్చే లాటిన్ మాట అది.

వేలిని మెల్లగా కిందికి జార్చండి. ఉబ్బు తగ్గి ఒక్కసారిగా పల్లంలో పడుతుంది. ఆ పల్లం నేజియన్. నుదుటి ఎముకా రెండు ముక్కు ఎముకలూ కలిసే చోటు అది. ఇంకా కిందికి వెళితే కళ్లజోడు ఆనే గట్టి భాగం వస్తుంది, దాని తర్వాత ముక్కు మెత్తబడుతుంది. ఎముక అక్కడితో అయిపోయింది, మిగిలింది మృదులాస్థి. ముక్కు కొనను పట్టుకుని కదిపితే ఎక్కడ కదులుతుందో, ఎక్కడ కదలదో మీకే తెలుస్తుంది.

గ్లాబెల్లా మీద పెన్సిలుతో ఒక చుక్క, నేజియన్ మీద ఒక చుక్క పెట్టండి.

బొట్టు చోటుకు నిట్టనిలువుగా పైన నుదుటి నడుమ ఒక రహస్యం ఉంది. మీరు పుట్టినప్పుడు మీ నుదుటి ఎముక ఒకటి కాదు, రెండు. ఎడమ ముక్క, కుడి ముక్క, వాటి నడుమ మెటోపిక్ సూచర్ అనే అతుకు. చాలామంది పిల్లల్లో అది మొదటి ఏడాదిలోనే కలిసిపోయి, తర్వాత జాడ కూడా మిగలదు. కొద్దిమందిలో మాత్రం పెద్దయ్యాక కూడా ఉండిపోతుంది. అలాంటివారికి తల ఎక్స్‌రే తీస్తే నుదుటి నడుమ నిలువు గీత కనబడుతుంది. తెలియనివారు దాన్ని చూసి ఎముక విరిగిందని పొరబడతారు. ఎక్స్‌రేలు చదవడం నేర్చుకునేవారు ఈ గీతను తప్పకుండా గుర్తుంచుకోవాలి.

3. కనుబొమ గట్టు, దాని పైన గుట్ట

గ్లాబెల్లా నుంచి వేలిని పక్కకు, కాస్త పైకి పోనిస్తే కనుబొమ లోపలి సగం మీదుగా ఒక గట్టు తగులుతుంది. అది సూపర్సిలియరీ ఆర్చ్. మగవారిలో సాధారణంగా ఇది ఎత్తుగా, ఆడవారిలో తగ్గుగా ఉంటుంది. ఇక కనుబొమకు మూడు సెంటీమీటర్ల పైన, రెండు వైపులా, అరచేయి ఆనితే గుండ్రంగా తగిలే గుట్టలు ఉన్నాయి. వాటిని ఫ్రంటల్ ఎమినెన్స్ అంటారు. పిల్లల్లోనూ ఆడవారిలోనూ ఇవి బాగా తెలుస్తాయి. పసిపిల్లలకు ఆ గుండ్రటి, నిండైన నుదురు వచ్చేది వీటివల్లే. ముఖాలు గీసేవారు అద్దం ముందు నిలబడి, దీపాన్ని పైన పెట్టి ఒకసారి, పక్కన పెట్టి ఒకసారి చూడండి. గట్టుకూ గుట్టకూ నడుమ ఉన్న పల్లంలో నీడ మారడం కనిపిస్తుంది.

4. నరం బయటికి వచ్చే గాటు

మొదట చెప్పిన గాటు ఇది. తొందరపడకండి.

బొటనవేలి గోరును కనుబొమ కిందికి తెచ్చి, కంటి గూటి పై అంచు మీద ఆనించండి. గుడ్డు మీద కాదు, ఎముక అంచు మీద. ముక్కు వైపు నుంచి బయటి వైపుకు మెల్లగా నడపండి. ముఖం నడుమ గీత నుంచి దాదాపు రెండున్నర సెంటీమీటర్ల దూరంలో, అంచు మొత్తాన్ని మూడు వంతులు చేస్తే మొదటి వంతు ముగిసే చోట, గోరు చిన్న గాటులో పడుతుంది. కొంచెం నొక్కితే చురుక్కుమని నుదుటి మీదికి పాకుతుంది. ఆ గాటు సుప్రా ఆర్బిటల్ నాచ్. ఆ చురుకు అదే పేరున్న నరానిది. నుదుటికీ, నెత్తి ముందు భాగానికీ స్పర్శ తెలిసేది దానివల్లే.

గాటు దొరకకపోతే కంగారు పడకండి. కొందరిలో అది గాటుగా కాక, ఎముకలో మూసుకున్న రంధ్రంగా ఉంటుంది, అప్పుడు అంచు నున్నగానే తగులుతుంది. ఒకే మనిషికి కుడి వైపు గాటు, ఎడమ వైపు రంధ్రం ఉండడమూ మామూలే.

స్పృహలో లేని మనిషి నొప్పికి కదులుతున్నాడా అని చూడటానికి ఆస్పత్రుల్లో ఈ చోట బొటనవేలితో నొక్కుతారు. రోగి పక్కన నిలబడి ఎవరో అలా చేస్తుంటే బంధువులు ‘పాపం, ఎందుకు నొక్కుతున్నారు’ అని బాధపడడం చూశాను. ఈ నొప్పి నరం మీదుగా మెదడుకు చేరుతోందా అని చూసే పరీక్ష అది.

గాటు దగ్గర ఒక చుక్క పెట్టండి. అక్కడి నుంచి నిట్టనిలువుగా కిందికి రండి. కంటి గూటి కింది అంచుకు దిగువన ఒక రంధ్రం, గడ్డం పక్కన కింది దవడలో మరో రంధ్రం, దాదాపు ఒకే నిలువు గీత మీద ఉంటాయి. ముఖానికి స్పర్శనిచ్చే ఒకే పెద్ద నరం తాలూకు మూడు కొమ్మలు ఆ మూడు కిటికీల్లోంచి బయటికి వస్తాయి. పెన్సిలుతో మూడూ కలిపి గీత గీయండి. పంటి డాక్టరు మత్తు సూది వేస్తే పెదవి ఎందుకు మొద్దుబారుతుందో ఆ గీత చూస్తే అర్థమవుతుంది.

5. కణత: పుర్రెలో అన్నింటికన్నా జాగ్రత్తగా తెలుసుకోవలసిన చోటు

కనుబొమ బయటి కొన దగ్గరికి రండి. కంటి గూటి బయటి అంచు మీద వేలు కిందికి నడిపితే చిన్న నొక్కు లాంటిది తగులుతుంది. నుదుటి ఎముక అక్కడ చెంప ఎముకతో అతుక్కుంది. చెంప ఎముక పేరు జైగోమాటిక్. వేలిని చెవి వైపు నడిపితే ఒక సన్నటి వంతెన మీదుగా వెళతారు, అది జైగోమాటిక్ ఆర్చ్.

వంతెనకు పైన ఉన్న పల్లమే కణత. నాలుగు వేళ్లు అక్కడ ఆనించి పళ్లు గట్టిగా బిగించండి, వదలండి. వేళ్ల కింద కండరం ఉబ్బి తగ్గుతుంది. అన్నం నమిలేటప్పుడు కణతలు ఆడేది దానివల్లే. ఉబ్బే భాగానికి పై సరిహద్దు ఎక్కడో వేలితో వెతకండి, ఎముక మీద వంపు తిరిగిన గీత తగులుతుంది. నుదుటి ఎముక అంచున మొదలై వెనక్కి పోయే టెంపొరల్ లైన్ అది.

ఇప్పుడు చెవి రంధ్రానికి ముందున్న చిన్న బుడిపె పక్కన వేలు మెత్తగా పెట్టి ఊపిరి బిగబట్టి ఉండండి. నాడి కొట్టుకుంటుంది. కణతలు అదురుతున్నాయి అని మనం అనేది ఈ రక్తనాళం సంగతే.

ఇక అసలు చోటు. రెండు వేళ్లను పక్కపక్కన చేర్చి వంతెన నడుమ మీద అడ్డంగా పెట్టండి. మరో చేతి బొటనవేలిని కంటి గూటి బయటి అంచుకు వెనకగా నిలువుగా ఆనించండి. వేళ్ల పై అంచూ, బొటనవేలి వెనక అంచూ కలిసిన మూల దగ్గర చుక్క పెట్టండి. చర్మం కింద అక్కడ నాలుగు ఎముకలు ఒకదాన్నొకటి కలుసుకుంటున్నాయి: నుదుటి ఎముక, మాడు పక్క ఎముక పెరైటల్, కణత ఎముక టెంపొరల్, రెక్కలు చాచిన స్ఫీనాయిడ్. ఆ కూడలి పేరు టెరియాన్.

పుర్రె గోడ ఈ చుట్టుపక్కల చాలా పలుచన. దాని లోపలి ముఖాన్ని ఆనుకుని మెదడు పొరకు రక్తం తెచ్చే ధమని కొమ్మ ఒకటి పోతుంది. ఇక్కడ ఎముక చిట్లితే ఆ ధమని తెగి, పుర్రెకూ మెదడు పొరకూ నడుమ రక్తం చేరవచ్చు. మోసగించే లక్షణం ఏమిటంటే, దెబ్బ తిన్న మనిషి కాసేపు స్పృహ తప్పినా లేచి కూర్చుని, మంచినీళ్లు తాగి, ‘నాకేం కాలేదు’ అని ఇంటికి వెళ్లిపోవచ్చు. కొన్ని గంటలకు తలనొప్పి పెరిగి, వాంతులు, మగత వస్తాయి, ఒక కంటి పాప రెండో దానికన్నా పెద్దదవుతుంది. అప్పటికి చాలా ఆలస్యమై ఉండవచ్చు. కణత మీద గట్టి దెబ్బ తగిలినవారు ఎంత బాగా మాట్లాడుతున్నా సరే, వెంటనే ఆస్పత్రికి తీసుకెళ్లండి. ఆ రాత్రి ఒంటరిగా పడుకోనివ్వకండి.

సుశ్రుత సంహితలో కణతకు శంఖ అని పేరు, దెబ్బ తగిలితే వెంటనే ప్రాణం తీసే మర్మాల్లో దాన్ని చేర్చారు. లోపలి ధమనిని చూపించే స్కానింగ్ యంత్రం లేని రోజుల్లో, గాయపడినవారిని చూసి చూసి పట్టుకున్న సంగతి అది. నాకు అది చదివినప్పుడల్లా ఒళ్లు జలదరిస్తుంది.

హెల్మెట్ దగ్గర ఉంటే తెచ్చి పెట్టుకోండి. ముందు అంచు కనుబొమలకు ఒకటి రెండు వేళ్ల పైన ఉండాలి, టెరియాన్ మీద మీరు పెట్టిన చుక్క లోపల ఉండాలి. హెల్మెట్‌ను వెనక్కి తోసి పెట్టుకుంటే నుదురు, పట్టీ బిగించకపోతే తల మొత్తం దానికి బయట ఉన్నట్టే.

6. మాడు దాకా

టేపుతో కొలిచిన చోటికి, నెత్తి మీదికి తిరిగి రండి. వేలి కొనలతో చిన్న చిన్న సున్నాలు చుడుతూ నొక్కితే కొందరికి అక్కడ చిన్న పల్లం తగులుతుంది, కొందరికి ఏమీ తగలదు. నుదుటి ఎముక రెండు పెరైటల్ ఎముకలతో కలిసే చోటు అది, పేరు బ్రెగ్మా. అక్కడి నుంచి కుడి ఎడమలకు దిగే అతుకు కరోనల్ సూచర్, నడినెత్తిన వెనక్కి పోయేది సాజిటల్ సూచర్.

పెద్దవారి పుర్రె మీద ఈ అతుకులు వంకరటింకరగా, రంపపు పళ్లు ఒకదానిలో ఒకటి దిగినట్టు ఉంటాయి. ఆ మెలికలు చూసే కాబోలు, బ్రహ్మ రాసిన రాత పుర్రె మీద కనబడుతుందని మన పెద్దలు అనేవారు. తిన్నగా ఉన్న అతుకు కన్నా మెలికల అతుకు బలంగా పట్టుకుంటుంది. వడ్రంగి రెండు చెక్కలను పళ్లు కోసి ఎందుకు కలుపుతాడో ఒకసారి అడిగి చూడండి.

పసిబిడ్డలో బ్రెగ్మా దగ్గర ఎముకే ఉండదు. గాలిపటం ఆకారంలో మెత్తటి పొర ఉంటుంది. మనం మాడు అనేది, తట్టి ఆముదం పెట్టేది దానికే. వెనక వైపు ఇంకా చిన్నది మరొకటి ఉంటుంది. వెనకది మామూలుగా రెండు మూడు నెలల్లో మూసుకుంటుంది. ముందుది చాలామందిలో ఏడాదికీ ఏడాదిన్నరకూ నడుమ, కొందరిలో రెండేళ్లకు మూసుకుంటుంది. పుట్టేటప్పుడు ఎముకలు ఒకదాని మీదికి ఒకటి జరిగి తల బయటికి రావడానికీ, పుట్టాక మెదడు వేగంగా పెరగడానికీ ఈ ఖాళీలు కావాలి.

మాడును చూడవలసిన పద్ధతి ఇది. బిడ్డ ఏడవకుండా ఉన్నప్పుడు, ఒళ్లో నిటారుగా కూర్చోబెట్టి, రెండు వేళ్ల మెత్తతో తాకీ తాకనట్టు తాకండి. చదునుగా, కొద్దిగా లోతుగా, నాడితో పాటు కొట్టుకుంటూ ఉంటే భయం లేదు. విరేచనాలో వాంతులో అవుతున్న బిడ్డకు మాడు గుంటపడితే ఒంట్లో నీరు తగ్గిపోతోందని గుర్తు. ఏడవనప్పుడు కూడా ఉబ్బి బిగుసుకుని, జ్వరమో మగతో ఉంటే అదీ ప్రమాదమే. ఈ రెండింటిలో ఏది కనిపించినా మందు కోసం ఇంట్లో వెతక్కుండా పిల్లల డాక్టరు దగ్గరికి బయలుదేరండి.

నలుగు పెట్టి స్నానం చేయించేటప్పుడు తల గుండ్రంగా రావాలని రెండు చేతులతో అదిమేవారు, నుదుటిని నొక్కి సరిచేసేవారు ఇప్పటికీ ఉన్నారు. ప్రేమతోనే చేస్తారు. కానీ దయచేసి చేయనివ్వకండి. కాన్పులో సాగిన తల ఎవరూ అదమకుండానే కొద్ది రోజుల్లో సర్దుకుంటుంది. నుదుటి నడుమ నిలువుగా గట్టు లేచి, నుదురు ముందుకు కోసుగా వస్తున్నట్టు అనిపిస్తే మాత్రం డాక్టరుకు చూపించాలి. మెటోపిక్ అతుకు ముందే మూసుకుపోతే అలా రావచ్చు.

తల చుట్టుకొలత తీయడం కూడా ఇక్కడే నేర్చుకోండి. టేపు ముందు కనుబొమలకు కాస్త పైగా, వెనక తల బాగా ఉబ్బిన చోటు మీదుగా, చెవులకు పైగా పోవాలి. మూడుసార్లు తీసి, వాటిలో పెద్దది రాసుకోండి. నెలలు నిండి పుట్టిన బిడ్డకు సుమారు 33 నుంచి 35 సెంటీమీటర్లు ఉంటుంది. ఒక్క కొలత కన్నా, నెలనెలా అది ఎలా పెరుగుతోందన్నది ముఖ్యం.

7. వెనక వైపు

ఇక్కడ త్వరగా పోవచ్చు. మెడ వెనక నడుమ గాడిలోంచి వేలిని పైకి నడిపితే ఒక బుడిపె అడ్డు వస్తుంది. అది ఆక్సిపిటల్ ఎముక మీది ఇనియన్. దానికి ఆరేడు సెంటీమీటర్ల పైన వెనకటి అతుకుల కూడలి లాంబ్డా ఉంటుంది. చెవి వెనక గట్టి ఉబ్బు మాస్టాయిడ్, కణత ఎముకలో భాగమే. పుట్టిన బిడ్డకు ఇది ఉండదు. బిడ్డ మెడ నిలిపి, తల తిప్పుతూ ఉంటే అక్కడ పట్టుకున్న కండరం లాగగా లాగగా పెరుగుతుంది. చివరగా చెవి ముందు వేలు పెట్టి నోరు తెరిచి మూయండి. వేలి కింద జారుతున్నది కింది దవడ తల. బయటి నుంచి తాకగలిగిన పుర్రె కీళ్లలో కదిలేది ఇదొక్కటే.

8. వేలికి అందనిది

నుదుటి ఎముక నిండుగా ఉన్న రాయి కాదు. అట్టపెట్టె అట్టను చింపి అంచు చూడండి: రెండు వైపులా గట్టి కాగితం, నడుమ గాలి నిండిన మడతలు. పుర్రె పై ఎముకలూ అంతే. బయట ఒక గట్టి రేకు, లోపల ఒక గట్టి రేకు, నడుమ మజ్జతో నిండిన స్పాంజి లాంటి డిప్లోయీ. బరువు తక్కువ, బలం ఎక్కువ.

కనుబొమల వెనక, ఆ రెండు రేకుల నడుమ గాలి గదులు ఉన్నాయి. వాటి పేరు ఫ్రంటల్ సైనస్. పుట్టినప్పుడు ఉండవు, బాల్యంలో మెల్లగా మొదలై, యవ్వనం వచ్చాక పూర్తవుతాయి. కుడి గది, ఎడమ గది ఒకే రీతిలో ఉండవు. ఏ ఇద్దరి గదులూ ఒకేలా ఉండవు కనుక, పాత ఎక్స్‌రే ఉంటే గుర్తు తెలియని మృతదేహం ఎవరిదో తేల్చడానికి కూడా ఫోరెన్సిక్ నిపుణులు వీటిని పోల్చి చూస్తారు. ఈ గదుల నీరు ముక్కులోకి దిగుతుంది. జలుబులో దారి మూసుకుపోతే వంగినప్పుడు నుదురు బరువెక్కి నొప్పి పుడుతుంది. అలాంటప్పుడు కనుబొమ లోపలి కొన కింద, కంటి గూటి కప్పు మీద బొటనవేలితో పైకి మెత్తగా నొక్కితే నొప్పి తెలుస్తుంది, గది అడుగు అక్కడ పలుచన.

రెండు కంటి గూళ్ల కప్పుల నడుమ ఎత్మాయిడ్ ఎముక జల్లెడలా ఇరుక్కుని ఉంటుంది. వాసన నరాలు ఆ రంధ్రాల్లోంచే దిగుతాయి. తలకు గట్టి దెబ్బ తగిలాక ముక్కులోంచి నీళ్లలాంటి ద్రవం ఆగకుండా కారుతుంటే అది జలుబు కాకపోవచ్చు. ఈ జల్లెడ పగిలి మెదడు చుట్టూ ఉండే నీరు బయటికి వస్తూ ఉండవచ్చు. ముక్కులో దూది పెట్టకండి, చీదనివ్వకండి, ఆస్పత్రికి వెళ్లండి.

బొప్పి కట్టినప్పుడు, కోసుకున్నప్పుడు

నాకు ఏడేళ్లప్పుడు వంటింటి ద్వారబంధానికి నుదురు కొట్టుకుంది. నిమ్మకాయంత బొప్పి కట్టింది. అమ్మ తడిగుడ్డ అద్దింది, నేను ఏడుపు మాని ఆటకు వెళ్లిపోయాను. తెల్లారి లేచేసరికి బొప్పి సగం తగ్గింది, కానీ రెండు కళ్ల రెప్పలూ నల్లగా కమిలి వాచిపోయాయి. కళ్లకు దెబ్బే తగలలేదు కదా అని అమ్మ బెంబేలెత్తిపోయింది. డాక్టరు చూసి, నుదుటి రక్తమే కిందికి దిగిందని చెప్పి పంపారు.

మొదటి మెట్టులో కనుబొమలు ఎత్తి చూసిన కండరం గుర్తుందా? దానికి ఎముకతో అతుకు లేదు. కనుక దాని కింద, ఎముకకు పైన ఉన్న వదులు పొరలో రక్తం చేరితే, అడ్డుకునే గట్టు లేక మెల్లగా కనురెప్పల్లోకి దిగుతుంది. అయితే పుర్రె అడుగు భాగం చిట్లినా కళ్ల చుట్టూ ఇలాగే నల్లబడుతుంది, ఒకటి రెండు రోజులకు చెవి వెనక మాస్టాయిడ్ మీద కూడా కమలవచ్చు. రెండింటికీ తేడా తేల్చగలిగేది డాక్టరే, ఇంట్లో ఊహించి ఊరుకోకండి.

నుదురు కోసుకుంటే రక్తం ధారగా కారడం చూసి మనిషి హడలిపోతాడు. చర్మం కింది పొర బిగుతుగా ఉండి, తెగిన రక్తనాళాలను మూసుకోనివ్వదు, అందుకే అంత రక్తం. శుభ్రమైన గుడ్డ మడతపెట్టి గాయం మీద అరచేత్తో గట్టిగా, గుడ్డ తీసి చూడకుండా పది నిమిషాలు అదిమి పట్టండి. వెనక ఎముక ఉంది కనుక ఆ ఒత్తిడికి చాలావరకు ఆగుతుంది. ఎముక లోపలికి దిగినట్టు, కదులుతున్నట్టు అనిపిస్తే మాత్రం అదమకూడదు. గుడ్డ వదులుగా కప్పి ఆస్పత్రికి తీసుకెళ్లండి. కాఫీ పొడి, పసుపు గాయంలో కూరకండి. కుట్లు వేసేవారు ముందు వాటిని కడగడానికే అవస్థ పడతారు.

9. కాగితం మీద పెట్టండి

ముఖం మీది చుక్కలు చెరపకముందే అద్దంలో చూస్తూ కాగితం మీద తల ముందు నుంచి ఒకటి, పక్క నుంచి ఒకటి గీయండి. అందంగా రానవసరం లేదు. చుక్కలన్నీ పెట్టి, వాటిని అతుకు గీతలతో కలపండి. పేర్లు ఇప్పుడు రాయండి. మెదడును కాచే పెట్టె 8 ఎముకలు: ఫ్రంటల్ 1, పెరైటల్ 2, టెంపొరల్ 2, ఆక్సిపిటల్ 1, స్ఫీనాయిడ్ 1, ఎత్మాయిడ్ 1. మిగతా 14 ముఖానివి, వాటిలో వోమర్, కింది దవడ మాత్రమే ఒంటరివి, తక్కిన ఆరూ జంటలు. ఏ ఎముకను తాకారో దాని పక్కన టిక్కు పెట్టండి, తాకనిదాని పక్కన ఖాళీ వదలండి. ఖాళీలు ఉన్నవే మీరు బొమ్మలో చూసి చదవవలసినవి. భారం ఎంత తగ్గిందో చూడండి.

10. నిజమైన పుర్రెను చేతిలోకి తీసుకునేటప్పుడు

కళాశాలలో బోన్ సెట్టు చేతికొచ్చిన రోజు దీన్ని మరవకండి. కుండ కింద పెట్టే కుదురులా ఒక తువ్వాలును చుట్టి బల్ల మీద పెట్టి, పుర్రెను దాని మీద ఉంచండి. కంటి గూళ్లలో వేళ్లు పెట్టి ఎత్తకండి, చెంప వంతెన పట్టుకుని ఎత్తకండి, రెండూ విరుగుతాయి. ఒక చేయి అడుగున, ఒక చేయి వెనక, ఎప్పుడూ రెండు చేతులతో. ఎంతోమంది జ్వరం చూడటానికి చేయి వేసిన నుదురు అది. దాని మీద పెన్నుతో రాయకండి, దాని పక్కన నిలబడి ఫోటోలు దిగకండి.

ముందు కళ్లు మూసుకుని, మీ ముఖం మీద చేసిన దారిలోనే వేలు నడపండి: బొట్టు చోటు, పల్లం, గట్టు, గాటు, కణత గీత, కూడలి. ఒక్కొక్కటీ దొరికాక కళ్లు తెరవండి. ఆ తర్వాత గదిలో దీపాలు ఆర్పించి, అడుగున వెన్నుపాము దిగే పెద్ద రంధ్రంలోంచి ఒక చిన్న టార్చిని లోపలికి చూపించండి. కణత దగ్గర ఎముక మసకగా వెలుగుతుంది. ఇప్పుడు కంటి గూళ్ల లోపలికి చూడండి, పైకప్పు అంతకన్నా పలుచగా, తేనె రంగులో మెరుస్తుంది. ఆ రేకు కూడా మీరు అరచేయి ఆనించిన ఆ నుదుటి ఎముకే. టార్చి తీసేసి, కింది దవడను పక్కన చేర్చి, పుర్రెను రెండు చేతులతో పెట్టెలో పెట్టి, చేతులు కడుక్కుని రండి.